గుంటల్లో చేపలు పెంచిన శాస్త్రజ్ఞుడు
(మన సంఘ సమావేశంలో చదివిన ప్రసంగ పాఠం)



మన సమావేశాల్లో మామూలుగా నడిచే మాటలు డి.ఆర్. బకాయిలు, లైఫ్ సర్టిఫికెట్లు, హెల్తు కార్డులు. వాటి సంగతి కార్యదర్శిగారు నాకంటే బాగా చెప్పగలరు. ప్రత్యేక సంచికకు "మనవాళ్ళలో ఒక పెద్దమనిషి" గురించి ఏదైనా చెప్పమని వారు అడిగారు. రాజకీయ నాయకుల గురించి చెప్పేవారు చాలామంది ఉన్నారు. నేను చేపల గురించి చెబుతాను. నెల్లూరు సీమలో చేపల మాటెత్తితే ఎవరూ మధ్యలో లేచిపోరని నా ధైర్యం.

నేను చెప్పబోయేది డాక్టర్ మోదడుగు విజయ్ గుప్తా గారి గురించి. 1939 ఆగస్టు 17న బాపట్లలో పుట్టారు. బాపట్ల అనగానే మనకు 1945లో పెట్టిన వ్యవసాయ కళాశాల గుర్తుకొస్తుంది. ఈయన నేల మీది పంట కాదు, నీటిలో పంట పట్టుకున్నారు. 2005లో ప్రపంచ ఆహార బహుమతి ఈయనకు ఇచ్చారు. నోబెల్ బహుమానాల్లో వ్యవసాయానికి చోటు లేదని నార్మన్ బోర్లాగ్ గారు 1986లో నెలకొల్పిన బహుమతి అది. అమెరికాలో అయోవా రాష్ట్రంలోని డి మోయిన్ పట్టణంలో ఏటా ఇస్తారు. అంతకుముందు మనదేశంలో పుట్టినవారిలో స్వామినాథన్ గారు, పాల కురియన్ గారు, వరి ఖుష్ గారు, విత్తనాల బర్వాలే గారు, మొక్కజొన్న వాసల్ గారు అందుకున్నారు. ఆరవవారు మన బాపట్ల మనిషి. వరి, పాలు, మొక్కజొన్నల సరసన చేప కూర్చోవడం నాకు చాలా సంతోషం కలిగించింది.

ఆయన పని అర్థం కావాలంటే ముందు ఒక చిన్న సంగతి తెలియాలి. బొచ్చె, శీలావతి, ఎర్రమోసు చేపలు నిలవనీటిలో పెరుగుతాయి గాని గుడ్లు పెట్టవు. వరదనీరు పారే నదుల్లోనే పెడతాయి. అందుచేత పూర్వం చేపపిల్ల కావాలంటే వానకాలంలో నదికి పోయి వలగుడ్డతో ఏరుకోవలసిందే. ఆ ఏరినదాంట్లో మంచి చేప పిల్ల ఏదో, దాన్ని తినే చేప పిల్ల ఏదో తెలిసేది కాదు. 1957 జూలై 10న ఒరిస్సాలో హీరాలాల్ చౌధురి గారు చేప తలలోని పీయూష గ్రంథి రసాన్ని తల్లిచేపకు సూదిమందుగా ఇచ్చి, నిలవనీటిలోనే గుడ్లు పెట్టించారు. ఇప్పుడు జూలై 10ని జాతీయ మత్స్య రైతుల దినంగా జరుపుకుంటున్నాం. ఆ ఒక్క సూదితో చేపపిల్ల వరి విత్తనం లాగా లెక్కపెట్టి కొనుక్కునే వస్తువు అయింది.

విజయ్ గుప్తా గారు 1960ల మొదట్లో భారత వ్యవసాయ పరిశోధనా మండలి కొలువులో చేరారు. అప్పటికి విత్తనం సమస్య తీరుతూ ఉంది, పెంపకం సమస్య తీరలేదు. 1971లో దేశమంతటా మిశ్రమ చేపల పెంపకం మీద సమన్వయ పరిశోధన మొదలుపెట్టారు. దాని సూత్రం మన వంటింటి ఆడవాళ్ళకు చెప్పకుండానే తెలుస్తుంది. ఒకే కంచంలో ఆరుగురు కొట్లాడుకోకుండా తినాలంటే ఆరుగురికీ వేరువేరు రుచులు ఉండాలి. బొచ్చె పైనీటిలో సూక్ష్మజీవాలను తింటుంది. సిల్వర్ కార్ప్ పైనే ఉండి పచ్చని నాచు రేణువులను తింటుంది. శీలావతి నడిమి నీటిలో, ఎర్రమోసు, బంగారుతీగ అడుగున బురదలో తింటాయి. గడ్డిచేప కలుపు మేస్తుంది. ఆరూ కలిపి వదిలితే చెరువులో ఏ అంతస్తూ ఖాళీగా ఉండదు. ఈ పద్ధతిని పరిశోధన కేంద్రం గోడలు దాటించి రైతు చెరువుకు చేర్చినవారిలో గుప్తా గారు ముఖ్యులు.

ఇక్కడ నా ఉద్యోగం గురించి రెండు మాటలు చెప్పుకోవాలి. ఒక తాలూకాలో గుమాస్తాగా ఉన్న రోజుల్లో చెరువుల చేపల పాట ఫైళ్ళు నా బల్ల మీదికి వచ్చేవి. దండోరా వేయించడం, పాట కనీస ధర, డిపాజిట్టు, అగ్రిమెంటు, ఇంతే. పాట ఒక్క ఏడాదికి. పాటదారు పిల్లలను వదిలేవాడు కాదు. ఎందుకు వదులుతాడు? వచ్చే ఏడు చెరువు ఎవరిదో తెలియదు. ఎండాకాలం నీళ్ళు అడుగంటగానే యానాదులను కూలికి పిలిచి, బురదలో ఉన్నదంతా ఊడ్చుకుపోయేవాడు. వల లాగినవాళ్ళకు కూలి, ఒక సంచిలో పరిగెలు. పంచాయతీకి పాట సొమ్ము. కాగితం మీద అన్నీ సక్రమమే. ఎన్ని కిలోల చేప పట్టారు అన్న గడి మాత్రం ఏ ఫారంలోనూ ఉండేది కాదు. 1973-74 నుంచి చేపల రైతుల అభివృద్ధి సంస్థలు వచ్చి ఎక్కువ ఏళ్ళ కౌలు అన్న మాట తెచ్చాయి. కొన్నిచోట్ల మేలు జరిగింది. అయినా చెరువు దాకా చేరగలిగినవాడు కాస్తో కూస్తో ఉన్నవాడే.

గుప్తా గారి గొప్పతనం నాకు ఇక్కడే కనిపిస్తుంది. మనదేశంలో పని తరువాత ఆయన యుద్ధంలో చితికిపోయిన లావోస్‌లోనూ మరికొన్ని ఆసియా దేశాల్లోనూ పనిచేశారు. 1980ల మధ్యలో బంగ్లాదేశ్ చేరారు. ఆ దేశం ఎట్లాంటిదో మీకు తెలుసు. నీళ్ళకు కొదవలేదు, అన్నంలోకి చేప కావాలి, చేతిలో డబ్బు లేదు. ఇల్లు కట్టుకోవడానికి, దిబ్బ ఎత్తు చేసుకోవడానికి మట్టి తవ్విన గుంట ఇంటి పక్కనే ఉంటుంది. రోడ్డు వేసినప్పుడు తవ్విన పల్లం రోడ్డు పక్క ఉంటుంది. వాటిలో గుర్రపుడెక్క, దోమలు. నాలుగైదు నెలలు నీరుంటుంది, తరువాత ఎండిపోతుంది. శాస్త్రజ్ఞులెవరూ వాటిని చెరువులుగా లెక్కలోకి తీసుకోలేదు. ఎందుకంటే బొచ్చె, శీలావతి అమ్మకానికి రావాలంటే దాదాపు ఏడాది కావాలి.

ఆయన లెక్కను తిరగవేశారు. ఈ చేపకు ఎంత నీరు కావాలి అని అడగలేదు. ఈ ఇల్లాలి గుంటలో నీరు ఎన్ని నెలలుంటుంది, ఆమె ఇంట్లో ఏముంది అని అడిగారు. ఇంట్లో తవుడు ఉంది, పేడ ఉంది, కోళ్ళ పెంట ఉంది, వంటింటి వ్యర్థం ఉంది. మూడు నాలుగు నెలల్లో చేతికొచ్చే చేపలు రెండు దొరికాయి. ఒకటి థాయ్‌లాండ్ నుంచి వచ్చిన సిల్వర్ బార్బ్, మన పరిగెలకు పెద్ద బంధువు అనుకోండి. రెండోది నైలు తిలాపియా. కొన్న మేత లేదు, యంత్రం లేదు. పేడ వేస్తే నీరు పచ్చబడుతుంది, ఆ పచ్చదనం చేపకు మేత. వరిమడిలోనూ చేపను పెట్టించారు. చేప ఉన్న మడిలో పురుగుమందు కొట్టడానికి చెయ్యి రాదు, అదొక లాభం.

హెక్టారుకు 304 కిలోలు వచ్చేచోట చాలా సందర్భాల్లో 2,500 కిలోలు దాటిందని బహుమతి ఇచ్చినవారు ప్రకటించారు. పది లక్షలకు పైగా బీద కుటుంబాలు ఈ పద్ధతిని అందిపుచ్చుకున్నాయని కూడా వారే చెప్పారు.

మరొక సంగతి మన అక్కచెల్లెళ్ళు గమనించాలి. ఆ పల్లెల్లో ఆడవాళ్ళు గడప దాటి పొలానికో బజారుకో పోవడం కష్టం. గుంట మాత్రం గడప పక్కనే ఉంది. గుప్తా గారు స్వచ్ఛంద సంస్థలను కలుపుకొని ఆడవాళ్ళకే ఈ పని నేర్పించారు. ఆడవాళ్ళేమిటి, చేపల పెంపకమేమిటి అని మొదట్లో పెదవి విరిచినవారు ఉండకపోరు. తరువాత అక్కడి చేపల పెంపకందార్లలో ఆడవాళ్ళ పాలు దాదాపు 60 శాతానికి చేరిందని బహుమతి సంస్థవారు రాశారు. భర్త చేతిలో పెట్టే డబ్బుకూ, తన గుంటలో చేప అమ్మిన డబ్బుకూ తేడా ఏమిటో నేను చెప్పనక్కర లేదు. మా ఇంటావిడ ఫ్యామిలీ పెన్షను గురించి అడిగే ప్రశ్నల్లో కూడా అదే భావం ఉంటుంది.

ఆ తరువాత ఆయన మలేషియాలోని పెనాంగ్ కేంద్రంగా ఉన్న వరల్డ్ ఫిష్ సంస్థలో సహాయ డైరెక్టర్ జనరల్ దాకా ఎదిగారు. 2015లో దక్షిణ కొరియావారు మొదటిసారి ఇచ్చిన సన్‌హాక్ శాంతి బహుమతిని కిరిబాటి దేశాధ్యక్షులు అనోటె టాంగ్ గారితో కలిసి అందుకున్నారు. సముద్రం మింగేస్తున్న దీవుల నాయకుడితో గుంటల్లో చేప పెంచిన శాస్త్రజ్ఞుణ్ణి జోడించడం ఆలోచించి చేసిన పనే. మన ప్రభుత్వం పద్మశ్రీ ఇచ్చింది 2023లో. ప్రపంచం గుర్తించిన పద్దెనిమిదేళ్ళకు! ఫైలు ఎంత నిదానంగా కదులుతుందో మనకంటే తెలిసినవారెవరు?

ఇక మన సంగతికి వస్తాను. "నీలి విప్లవ" పితామహుల్లో ఒకరని ఆయన పేరు చెప్పి, మన జిల్లాలో ప్రతి చెరువు తవ్వకాన్నీ సమర్థించేవారు ఉన్నారు. నాకు అది సమ్మతం కాదు. 1990ల మొదట్లో విడవలూరు, అల్లూరు, ఇందుకూరుపేట, ముత్తుకూరు వైపు టైగరు రొయ్య వచ్చినప్పుడు డబ్బు ఎట్లా పారిందో మనం చూశాం. 1994లో తెల్లమచ్చ రోగం వచ్చి ఆ డబ్బు ఎట్లా పోయిందో కూడా చూశాం. 1996 డిసెంబరు 11న సుప్రీంకోర్టు సముద్ర తీర నియంత్రణ హద్దులో రొయ్యల చెరువులు కూడదని తీర్పు చెప్పింది. 2005లో కేంద్రం చట్టం చేసింది. 2009లో వన్నామీ రొయ్యకు అనుమతి వచ్చాక మళ్ళీ జోరందుకుంది. అవతల కొల్లేరులో చేపల చెరువులు సరస్సునే మింగితే 2006లో ప్రభుత్వం గట్లు కొట్టించింది. ఇవన్నీ చేపల పెంపకమే, రొయ్యల పెంపకమే. ఎగుమతి డాలర్లు వచ్చాయి, కాదనను. కాని ఉప్పునీటి చెరువు పక్క రైతు వరి వేయలేని స్థితి వస్తే, ఊరి బావి నీరు ఉప్పనైతే, దాన్ని గుప్తా గారి ఖాతాలో వేయడం అన్యాయం. ఆయనకు బహుమతి వచ్చింది మేత కొనలేనివాళ్ళ పెంపకానికి.

కనిగిరి రిజర్వాయరు మన ఊరి గుమ్మంలో ఉంది. పెన్నమ్మ నీరు సంగం నుంచి కాలువలో వచ్చి మన మాగాణి తడుపుతుంది. ఆ కాలువ గట్ల కింద, ఇటుక బట్టీల దగ్గర, రోడ్ల పక్క ఎన్ని గుంటలున్నాయో పొద్దున నడకకు పోయేవారు లెక్కపెట్టండి. చాలావాటిలో ప్లాస్టిక్ సంచులు, తుమ్మకొమ్మలు. వాటి పక్కనే యానాదుల గుడిసెలు. వల వేయడంలో వాళ్ళను మించినవారు లేరు, వల వేసుకునే సొంత నీరు మాత్రం లేదు. పాట లేకుండా, ఆ ఆడవాళ్ళ సంఘాలకు అయిదారేళ్ళ కౌలు కాగితం రాసిస్తే బాగుంటుందని నా అభిప్రాయం. ఆ కాగితం, దానికి కావలసిన తీర్మానం, దరఖాస్తు ఎట్లా రాయాలో ఈ హాలులో కూర్చున్నవారిలో ఇరవైమందికి నిద్రలో అడిగినా వచ్చు. ఈ అర్జీ పని మన సంఘం నెత్తిన వేసుకోవాలని నేను ప్రతిపాదిస్తున్నాను. అధ్యక్షులవారు అనుమతిస్తే వచ్చే సమావేశం అజెండాలో చేర్చవచ్చు.

పిల్లల తిండి సంగతి కూడా ఉంది. 2021లో ఇదే ప్రపంచ ఆహార బహుమతి శకుంతల థిల్‌స్టెడ్ గారికి వచ్చింది. బంగ్లాదేశ్‌లో చెరువుల్లో పెద్ద చేపలతో పాటు చిన్న చేపలను కూడా ఉంచమని, తలా ముల్లుతో సహా తినే ఆ చిన్న చేపల్లోనే విటమిన్ ఎ, కాల్షియం మెండుగా ఉంటాయని ఆమె చూపించారు. మనం పరిగెలంటే చిన్నచూపు చూసి, పులుసుకు పెద్ద ముక్కలే కావాలంటాం. మనుమలకు మాత్రం డాక్టరు రాసిన సిరప్పులు కొంటాం.

సభకు ముందు ఒక మిత్రులు, మా దొడ్డి వెనక గుంటలో నేను కూడా వేయవచ్చా అని అడిగారు. నాలుగు నెలలు నడుము లోతు నీరు నిలిస్తే వేయవచ్చు. ముందు కొరమీను, వాలుగ వంటి పిల్లలను తినే చేపలను ఏరివేయాలి. సున్నం చల్లి, వారం ఆగి పేడ వేయాలి. నీరు పచ్చబడ్డాక వేలెడు పిల్లలను తెచ్చి వేయాలి. ఆఫ్రికా మార్పు చేపను మాత్రం ఎవరు అమ్మజూపినా తీసుకోవద్దు. 2000 సంవత్సరంలోనే దాన్ని నిషేధించారు, చెరువులో ఉన్న చేపలన్నిటినీ తినేస్తుంది. తిలాపియా పెంచాలంటే మత్స్యశాఖ అనుమతి ఉండాలి, చాటుగా తేవద్దు. పిల్లలను ఉదయం చల్లని వేళే తెచ్చుకోండి. సంచిని అరగంట గుంటనీటిలో తేలనిచ్చి, లోపలి నీరు, బయటి నీరు ఒకే వేడికి వచ్చాక మూతి విప్పి, వాటంతట అవే బయటికి ఈదిపోనివ్వండి.