కాల్పుల వార్తలో ఆడవాళ్ల మాట ఏది?

(సాలూరులో జరిగిన మహిళా కార్యకర్తల సమావేశంలో చేసిన ప్రసంగం)



మన సాలూరు కొండకీ మైదానానికీ మధ్య గుమ్మం లాంటిది. ఒడిశా లారీలు, సంతకు దిగే గిరిజనులు, కూంబింగుకు పోయే పోలీసులు అందరూ ఈ దారినే వెళ్లేవారు. అయినా కొండమీద కాల్పులు జరిగితే మనకు తెలిసింది మర్నాడు పేపరు చూసే.

ఆ వార్త ఎలా తయారవుతుంది? ఊరి విలేకరికి అడవిలోకి వెళ్లే వీలుండదు. పోలీసుల ప్రకటన మాత్రం చేతికొస్తుంది. అందులో 'ఎదురుకాల్పులు' అని ఉంటే వార్తలోనూ అదే మాట. 'పోలీసులు చెప్పారు' అన్నది శీర్షికకొచ్చేసరికి రాలిపోతుంది. 1970 జులైలో వెంపటాపు సత్యం, ఆదిభట్ల కైలాసం మరణించినప్పుడూ 'ఎన్‌కౌంటర్' అనే అన్నారు. పట్టుకుని చంపారని ఉద్యమకారులు అంటూనే వచ్చారు.

వాకపల్లి సంగతి చూడండి. 2007 ఆగస్టు 20న గ్రేహౌండ్స్ పోలీసులు తమపై అత్యాచారం చేశారని విశాఖ ఏజెన్సీలోని ఆ ఊరి కోందు స్త్రీలు 11 మంది చెప్పారు. పోలీసులు కాదన్నారు. 2023 ఏప్రిల్ 6న విశాఖపట్నం ప్రత్యేక కోర్టు నిందితులను నిర్దోషులుగా విడిచిపెట్టింది. దర్యాప్తు సరిగా జరగలేదని కూడా అన్నది, ఆ స్త్రీలకు పరిహారం ఇమ్మన్నది. 'నిర్దోషులు' అన్న శీర్షిక ఒక్కటే చదివినవారికి ఈ రెండు సంగతులూ తెలియవు. తీర్పుకు పట్టిన పదిహేనేళ్లలో ఆ స్త్రీలు ఎలా బతికారో అసలే తెలియదు.

ఇది ఒక పక్షం మీద ఫిర్యాదు కాదు. 'ఇన్‌ఫార్మర్' అని మావోయిస్టులు చంపిన గిరిజనుడి వార్తా అలాగే వచ్చేది. చంపినవారు పెట్టిన పేరే శీర్షిక. అతని భార్య ఏమందో ఎవరు అడిగారు?

ఒకసారి సంతలో ఒక కొండ ఆడమనిషికి ఇలాంటి వార్త చదివి వినిపించాను. అంతా విని, "మా ఊరి పేరుంది గానీ మా మాట లేదు కదమ్మా" అంది. నేను తలదించుకున్నాను.

అందుకే మనం చేయవలసినవి కొన్ని ఉన్నాయి. ఊళ్లో ఆడవాళ్లు చెప్పింది చెప్పినట్టు, వాళ్ల భాషలోనే, తేదీతో రాసిపెట్టుకుందాం. అత్యాచార బాధితుల పేరూ ఆనవాలూ బయటపెట్టవద్దు, పెట్టనివ్వవద్దు. విలేకరిని తిట్టకుండా, 'ఈ మాట ఎవరు చెప్పారు బాబూ?' అని అడుగుదాం. తూటాల లెక్క రాసినవారిని ఏడాది తర్వాత ఆ ఇంట్లో పొయ్యి వెలుగుతోందా అని కూడా రాయమందాం.

వాళ్లు రాయకపోతే మన పత్రిక ఉంది. మనమే రాద్దాం.