టాసిటస్ సాక్ష్యము – మన బాధ్యత



మన నల్గొండ జిల్లా అక్కనపల్లిలో తిబెరి కైసరు ముద్రగల రోమా వెండి నాణెములు భూమిలో దొరికినవి. ఆ తిబెరి ఏలుబడిలోనే పొంతి పిలాతు క్రీస్తుకు మరణశిక్ష విధించెనని రోమా చరిత్రకారుడు టాసిటస్ వ్రాసెను. క్రీ.శ. 64లో రోమ్ తగులబడగా, నీరో ఆ నేరమును క్రైస్తవులపై మోపి హింసించిన సంగతి చెప్పుచు, సుమారు 116లో తన ‘అన్నల్స్’ గ్రంథములో ఈ మాట వ్రాసెను.

ఆయన విశ్వాసి కాడు. మన మతమును మూఢనమ్మకమనెను. అయినను హింస పొందిన వారిపై జనులు జాలిపడిరని దాచక వ్రాసెను. గిట్టనివాని సాక్ష్యమునకు విలువ ఎక్కువ గదా!

ఆయన వ్రాసిన దానిలో చాల భాగము నశించినది. ఈ భాగము మాత్రము 11వ శతాబ్దమున ఇటలీలోని మోంటే కాసినో మఠములో వ్రాసిన ఒక్క ప్రతి వలన మనకు దక్కినది.

మన సంఘములలో తొలుత బాప్తిస్మము పొందినవారు పడిన కష్టములు నేడు పెద్దల నోటనే ఉన్నవి. ఈ శతాబ్ది సంవత్సరమున వారి యొద్ద కూర్చుండి విందము. మన తప్పులను కూడ దాచక వ్రాయుదము. ఒక్క ప్రతితో సరిపెట్టుకొనక భద్రపరచుదము.