చీనా పింగాణి – మన పొలములలోని పెంకు

మామిడికాయల కాలము వచ్చినచో నల్లగొండ, మహబూబునగరము సీమలలో ఇంటింటను అటుకమీది జాడీలు క్రిందికి దిగును. అడుగున తెలుపు, మెడకడ గోధుమవన్నె గల ఆ పాత్రను మనము పింగాణి యందుము. నిజమునకది పింగాణి కాదు. దానికి దగ్గరి చుట్టము. ఉప్పును, నూనెను, పులుపును ఏడాది పొడవున భరించియు చెమ్మ పీల్చని ఆ గుణమును పరాకాష్ఠకు చేర్చినవారు చైనా కుమ్మరులు.

మన గ్రామములలోని కుమ్మరి ఆవమున వేడిమి సాధారణముగా 700 మొదలు 900 డిగ్రీల సెంటిగ్రేడు వరకు ఉండును. ఆ వేడికి మట్టి గట్టిపడును గాని సన్నని రంధ్రములు మిగులును. మన కడవలో నీరు చల్లబడుటకు కారణమదియే. చైనావారు తెల్లమట్టిలో ఒక విధమైన రాతిపొడిని కలిపి 1,300 డిగ్రీల ప్రాంతమున కాల్చిరి. ఆ వేడికి రాతిపొడి కరగి రంధ్రములను పూడ్చును. అట్టి పాత్ర గోట మీటిన కంచువలె మ్రోగును. పలుచనిదైనచో వెలుతురును లోనికి రానిచ్చును. ఈ విద్యకు కాణాచి జింగ్‌దేజెన్ పట్టణము. 1004వ సంవత్సరమున ప్రారంభమైన సోంగ్ చక్రవర్తి శకము పేరే ఆ యూరికి వచ్చినది. 14వ శతాబ్దిలో అచటివారు పారశీకదేశపు కోబాల్టుతో తెల్లని పాత్రలపై నీలిచిత్రములు వ్రాసి లోకమును మెప్పించిరి.

ఆ పాత్రలు మన తీరమునకును వచ్చినవి. కాకతీయ గణపతిదేవుడు 1244 ప్రాంతమున సముద్రవర్తకులకు అభయశాసనము నిచ్చిన మోటుపల్లి రేవులో చైనా పాత్రల పెంకులు దొరకినవి. హైదరాబాదులో 1951లో ప్రారంభమైన సాలార్‌జంగ్ ప్రదర్శనశాలలో చైనా పింగాణి నేడును చూడవచ్చును. వానిలో లేత ఆకుపచ్చవన్నె గల సెలడాన్ పాత్రల కడ ఒక్క నిమిషము నిలువుడు. విషాన్నము వడ్డించిన ఆ పాత్ర పగులునని పూర్వపు ప్రభువులు నమ్మిరి. ఆ నమ్మకము నిజము కాదు. కాని ఆ రంగు వెనుకనున్న రహస్యము అంతకంటె వింతయైనది.

ఆ పచ్చదనము ఇనుము వలన కలిగినది. పైపూతలో కొద్దిపాటి ఇనుము ఉండగా, కొలిమిలోనికి గాలిని తగ్గించి కాల్చినచో ఆకుపచ్చవన్నె వచ్చును. గాలి ధారాళముగా సోకినచో అదే ఇనుము పసుపు, గోధుమవన్నెలకు తిరుగును.

ఈ గాలి కిటుకు మన పూర్వులకును తెలిసినదే. మన రెండు సీమలలోను రాక్షసగుళ్ళని ప్రజలు పిలుచు పెద్దరాళ్ళ సమాధులు కలవు. కృష్ణాతీరమందలి ఏలేశ్వరము నాగార్జునసాగర జలములలో మునుగుటకు పూర్వము అచట జరిపిన త్రవ్వకములలో ఇట్టి సమాధులు బయల్పడినవి. వీనిలో దొరకు కుండలు వెలుపల ఎరుపు, లోపలను అంచునను నలుపు. కుండను బోర్లించి కాల్చినందున గాలి సోకిన భాగము ఎరుపెక్కినదనియు, గాలి అందని భాగము నల్లబడినదనియు పరిశోధకులు చెప్పుదురు. రెండువేల యేండ్లకు పైబడిన ఆ కుమ్మరి, చైనా కుమ్మరి ఒకరి నొకరు ఎరుగరు. అయినను ఇరువురును నిప్పుతోపాటు గాలిని గూడ పనిముట్టుగా వాడుకొనిరి.

చైనా పాత్రను అద్దాల బీరువాలో నుంచి కాపాడుచున్నాము. మన పెంకునో, నాగటిచాలులో తేలినంతనే గట్టుమీదికి విసరుచున్నాము. రాక్షసగుళ్ళ రాళ్ళు గోడలకును, బాటలకును పోవుచున్నవి. రాయి కదలిన చోట పెంకు వరుస చెదరును. చెదరినపిదప అది ఏ కాలపుదో, ఏ సమాధిలోనిదో చెప్పుట దుర్లభము.

కనుక లోపల నలుపు, వెలుపల ఎరుపు గల పెంకు మీ చేనిలో కనిపించినచో అచటనే యుంచి పురావస్తుశాఖ వారికి తెలియజేయుడు. సాలార్‌జంగ్ ప్రదర్శనశాలలో పచ్చని పళ్ళెమును చూచి మెచ్చుకొను కన్ను, ఆ పెంకును గూడ గుర్తింపవలెను.