దొరల జీవిత చరిత్రల్లో మన తీరం



గాడిచర్ల హరిసర్వోత్తమరావు గారి స్మృతిలో మాట్లాడేవాళ్లు సాధారణంగా 1908తో మొదలుపెడతారు. బెజవాడ ‘స్వరాజ్య’ పత్రికలో రాసిన రాత, దానికి పడిన జైలు శిక్ష, ‘ఆంధ్ర తిలక్’ అన్న పేరు, ఆ తర్వాత గ్రంథాలయోద్యమం. నేను ఇంకో ఏడాది వెనక్కి వెళ్తాను. 1907లో విజ్ఞాన చంద్రికా మండలి మొదటి పుస్తకం వెలువడింది. అది గాడిచర్ల వారు రాసిన అబ్రహాం లింకన్ జీవిత చరిత్ర. అప్పటికి ఆయనకు పాతికేళ్లు నిండలేదు. కొమర్రాజు లక్ష్మణరావు గారూ మిత్రులూ అంతకు ముందు ఏడాదే హైదరాబాదులో పెట్టిన మండలి అది. దేశభాషలో చరిత్ర, శాస్త్రం చెప్పాలని కంకణం కట్టుకున్నవాళ్లు తమ తొలి పుస్తకానికి శివాజీనో రాణాప్రతాపునో ఎంచుకోలేదు, చెక్క గుడిసెలో పుట్టి అధ్యక్షుడైన ఒక అమెరికావాణ్ణి ఎంచుకున్నారు. పేదవాడు సొంతంగా చదువుకుని పైకొచ్చిన కథ కుర్రవాళ్లకు పనికొస్తుందన్నది పైకి కనిపించే కారణం. తెల్లవాళ్ల ఏలుబడిలో బానిసత్వం గురించి బాహాటంగా మాట్లాడటానికి లింకన్‌ని మించిన సాకు దొరకదన్నది లోపలి కారణమని నా అనుమానం. ఆ మరుసటేడే రచయిత జైలుకు వెళ్లాడు కాబట్టి నా అనుమానం మరీ గాలిమాట కాదనుకుంటాను.

అయితే మన ఊరు కావలిలో నిలబడి చూస్తే ఈ కథకు ఇంకో కొస కనిపిస్తుంది. తెలుగులో లింకన్ అచ్చయ్యేనాటికి నెల్లూరులో అమెరికా మిషన్ కాపురం పెట్టి 67 ఏళ్లయింది. ఆ మిషనరీల జీవిత చరిత్రలు అప్పటికే ఇంగ్లీషులో వస్తున్నాయి. ఆ పుస్తకాల్లో నెల్లూరుంది, రామాయపట్నముంది, ఒంగోలుంది, కరువుంది, కాలువ ఉంది. వాటిని మన పెద్దలు ‘మతం పుస్తకాలు’ అని పక్కన పెట్టేశారు. నా మాటంతా ఆ పుస్తకాల గురించే.

శామ్యూల్ డే 1840లో నెల్లూరు వచ్చాడు. పుట్టింది కెనడాలో, పంపింది అమెరికా బాప్టిస్టులు. ఆయన తర్వాత 1849లో లైమన్ జ్యూయెట్. పదమూడేళ్లలో మతంలో చేరినవాళ్లు వేళ్ల మీద లెక్కపెట్టేంతమంది. 1853లో ఆల్బనీలో జరిగిన మిషన్ వార్షిక సభలో తెలుగు మిషన్‌ను మూసేద్దామన్నారు. మిషన్ పటంలో ఒక్కో కేంద్రానికి ఒక్కో నక్షత్రం గుర్తు ఉండేది. బంగాళాఖాతానికి ఈ పక్క నెల్లూరు ఒక్కటే చుక్క. చర్చలో ఆ ఒంటరి చుక్క మాట రావడంతో, సభలో ఉన్న శామ్యూల్ ఫ్రాన్సిస్ స్మిత్ రాత్రికి రాత్రి దాని మీద ఓ గేయం కట్టాడు. అమెరికా పిల్లలందరూ పాడుకునే దేశభక్తి గీతం రాసిన స్మిత్ ఈయనే. మర్నాడు సభ మనసు మారింది, మిషన్ నిలిచింది. నెల్లూరులో ఏళ్ల తరబడి పనిచేసిన డేవిడ్ డౌనీ 1893లో ఈ మిషన్ చరిత్ర రాసి దానికి ‘ది లోన్ స్టార్’ అనే పేరు పెట్టాడు. ఆయనే ముసలితనంలో రాసుకున్న స్వీయచరిత్ర ఇంకోటి ఉంది. మిల్లులో కూలి పిల్లవాడు మిషనరీ కావడం దాని ఇతివృత్తం. లింకన్ కథ మూసే.

ఆ మూసను గుర్తుపట్టాలి. ఈ పుస్తకాలు అమెరికాలోని చర్చిల్లో చదివేవాళ్ల కోసం రాసినవి. చదివినవాడి కళ్లు చెమర్చాలి, చెయ్యి జేబులోకి వెళ్లాలి. అందుకే వాటిలో దొర ఎప్పుడూ నడిమధ్య ఉంటాడు. పటంలో ఊరు ఒక చుక్క, పుస్తకంలో జనం ఒక అంకె.

ఇదే మిషన్‌కు చెందిన జాన్ క్లౌ సంగతి చూడండి. అయోవా నుంచి 1864 చివర్లో ఓడెక్కి, లింకన్ హత్య జరిగిన ఏడాదే నెల్లూరు చేరాడు. జ్యూయెట్ దగ్గర తెలుగు నేర్చుకుని 1866లో ఒంగోలుకు మకాం మార్చాడు. కుర్రతనంలో మిన్నెసోటా అడవుల్లో సర్వే పని చేసినవాడు. లింకన్ కూడా ఇల్లినాయిలో సర్వే గొలుసు పట్టినవాడే! ఆ పాత పని ఇక్కడ ఎలా అక్కరకొచ్చిందో చెప్పాలి.

1876లో మొదలైన కరువును మన ముసలివాళ్లు ధాత కరువంటారు. సర్కారు కరువు పనుల కింద బకింగ్‌హాం కాలువ తవ్వించింది. ఆ కాలువ మీకు తెలియంది కాదు, ఇక్కడి నుంచి తూర్పుకు వెళ్తే ఉప్పునీళ్లతో, తుమ్మచెట్లతో ఇంకా కనిపిస్తుంది. మామూలు కాంట్రాక్టర్ల దగ్గర మాదిగవాడికి పని దొరకడం కష్టం, దొరికినా పై కులాల మేస్త్రీల చేతి కర్ర తప్పదు. క్లౌ మూడున్నర మైళ్ల కాలువకు తానే కాంట్రాక్టు తీసుకున్నాడు. గొలుసు వేయడం, మట్టి కొలవడం తెలిసినవాడు కనుక ఇంజనీర్లు కాదనలేకపోయారు. తన దగ్గరున్న మాదిగ బోధకుల్నే మేస్త్రీలుగా పెట్టాడు. ఎండు డొక్కలతో వచ్చినవాడికి పలుగూ తట్టా ఇచ్చి, సాయంత్రానికి కూలి చేతిలో పెట్టి, ‘రేపూ రా’ అన్నవాడు వాడి కులంవాడే! ఆ కాలంలో ఇది చిన్న విషయం కాదు. కరువు నడిచినన్నాళ్లూ క్లౌ ఎవరికీ బాప్తిస్మం ఇవ్వలేదు. కూటి కోసం మతం మారారన్న మాట రాకూడదని ఆ జాగ్రత్త.

తర్వాత 1878 జులై. గుండ్లకమ్మ ఒడ్డున వెల్లంపల్లి దగ్గర మూడు రోజుల్లో 3,536 మందికి బాప్తిస్మం. అందులో జులై 3 ఒక్కరోజే 2,222 మంది. అమెరికా పుస్తకాలన్నీ ఈ అంకె దగ్గర ఆగి ఊపిరి పీల్చుకుంటాయి. నాకు అంకె కంటే ఆ ఏర్పాటు మీద ఆసక్తి. ఆ రోజు క్లౌ నీళ్లలోకి దిగలేదు. ఆరుగురు తెలుగు బోధకులు జంటలు జంటలుగా, వంతుల వారీగా దిగారు. ఒడ్డున గుమస్తాలు జాబితాలు పట్టుకుని పేర్లు చదువుతుంటే, పిలుపు విన్నవాళ్లు ఒక్కొక్కరుగా నీళ్లలోకి నడిచారు. ఊళ్లోకి వస్తే ‘ఒరేయ్’ అనిపించుకోవడమే తప్ప పేరున్నట్టు కూడా ఎవరూ ఎరగని మనుషులు. పదిమందిలో వాళ్ల పేరు గట్టిగా చదివి పిలవడం చాలామందికి అదే మొదటిసారి అయ్యుంటుంది. పుస్తకాల్లోకి మాత్రం ఆ పేర్లు ఎక్కలేదు.

కొన్ని ఎక్కాయి, దానికి ఒక స్త్రీని తలుచుకోవాలి. ఎమ్మా రౌషెన్‌బుష్ 1882లో మిషనరీగా వచ్చింది, 1894లో క్లౌను పెళ్లి చేసుకుంది. మేరీ వుల్‌స్టన్‌క్రాఫ్ట్ మీద పరిశోధన చేసి 1898లో పుస్తకంగా అచ్చువేసుకున్న విదుషి. మరుసటేడు ‘వైల్ సూయింగ్ శాండల్స్’ తెచ్చింది. చెప్పులు కుట్టేవాళ్ల దగ్గర కూర్చుని విన్న కథలు, అరుంధతి, మాతంగి, ఎల్లమ్మ, గురువులు, తత్త్వాలు. ఎర్రగుంట్ల పేరయ్య మనకు మనిషిగా కనిపించేది ఇలాంటి పేజీల్లోనే. తాళ్లకొండపాడు వాడు. తోళ్ల బేరం మీద ఉత్తరపు జిల్లాలకు తిరిగినవాడు. రాజయోగం అభ్యసించినవాడు. క్రీస్తు మాట వినేనాటికే దేవుణ్ణి వెతుక్కుంటూ సగం దారి నడిచి ఉన్నాడు. అజ్ఞానపు చీకట్లో ఉన్నవాడికి దొర దీపం చూపించాడన్న పాత కథ ఈ ఒక్క మనిషి ముందు నిలవదు. క్లౌ జీవితకథను ఆయన చెప్పగా రాసి, 1910లో ఆయన పోయాక 1914లో అచ్చువేయించింది కూడా ఆమే. ఆ పుస్తకంలో ‘నేను’ అంటున్నది భర్త, వాక్యం కూర్చింది భార్య. పల్లెల్ని పట్టించుకున్న చోటల్లా నాకు ఆమె చెయ్యే కనిపిస్తుంది.

రామాయపట్నంలో బోధకుల కోసం పెట్టిన వేదాంత పాఠశాల గురించి చెప్పాలంటే ఇంకో సభ కావాలి. ఒక్కటే చెప్పి వదిలేస్తాను. 1870ల తొలినాళ్లలో సముద్రపు గాలి తగిలే బంగళాలో మాల మాదిగ కుర్రాళ్లు వాక్యనిర్మాణం నేర్చుకుంటున్నప్పుడు, ఈ జిల్లాలో వాళ్లను కూర్చోబెట్టే బడి దాదాపు లేదు.

మెచ్చుకోలు ఇక్కడితో సరి. మన ఊరి సంగతి చెప్పకపోతే నేను పక్షపాతినవుతాను. 1911 నేరస్థ జాతుల చట్టం వచ్చాక ఎరుకలవాళ్లను పెట్టిన సెటిల్‌మెంటును కావలిలో నడిపింది ఈ మిషనే, శామ్యూల్ బాడెన్ పర్యవేక్షణలో. మిషన్ రాతల్లో ఆయన దొంగలను దారికి తెచ్చిన మొనగాడు. బడి పెట్టాడు, పని నేర్పాడు, నిజమే. కానీ పుట్టుకతోనే దొంగ అని చట్టం ముద్ర వేసిన మనిషి హాజరు వేయించుకుని, చీటీ లేనిదే పొలిమేర దాటకుండా బతికాడు. లింకన్ దేశం నుంచి వచ్చినవాళ్లకు ఆ హాజరు పట్టీ ఎందుకు ఇబ్బంది అనిపించలేదో వాళ్ల పుస్తకాల్లో వెతికాను. దేవుడి పని, సర్కారు పని ఒకటే అనుకున్నారు. ఆ చట్టం మీద, గిరిజనుల పక్షాన పోరాడిన వెన్నెలకంటి రాఘవయ్య గారు మన నెల్లూరువారే. మద్రాసు రాష్ట్రంలో అది 1947లో రద్దయింది. కావలి ఎరుకల పక్షం నుంచి చూడాలనుకునేవాళ్లు బాడెన్‌ను చదివి ఊరుకోకుండా రాఘవయ్య గారిని కూడా చదవాలి.

పోతే, కాలువ. జి. కళ్యాణరావు గారి ‘అంటరాని వసంతం’ 2000లో వచ్చింది. కడుపు చేతపట్టుకుని బకింగ్‌హాం కాలువ పనికి నడిచివెళ్లిన అంటరానివాళ్లను కులం ఆ మట్టి తట్టల దాకా ఎలా తరిమిందో ఆ నవలలో ఉంది. క్లౌ పుస్తకంలో ఆ కాలువ గట్టు మీద దొర నిలబడి ఉంటాడు. కళ్యాణరావు గారు గుంటలోకి దిగి రాశారు. ఇక్కడ వెనక బెంచీల్లో కూర్చున్న కాలేజీ పిల్లలకు చెబుతున్నాను, ముందు నవల చదవండి, తర్వాత క్లౌను తెరవండి. పేరయ్య గురించిన పేజీలు వచ్చినప్పుడు మాత్రం కాస్త నెమ్మదించండి.