కాన్పు సెలవు పెంచిన మంత్రిణి



మంత్రి అనగానే మనకు పూలదండలూ, ప్రారంభోత్సవాలూ గుర్తుకొస్తాయి. పదవి దిగిపోయాక ఆయన ఏం చేసిపోయాడయ్యా అంటే చెప్పడం కష్టం. ఇవాళ నేను చెప్పబోయే ఆవిడ సంగతి అలా కాదు. ఆమె చేసిన పనిని రోజుల్లో లెక్కపెట్టి చెప్పవచ్చు.

ఆమె పేరు మరియా కొవ్రిగినా. సోవియట్ యూనియన్‌కు ఆరోగ్యమంత్రి అయిన మొదటి మహిళ. 1910లో ఉరల్ ప్రాంతపు పల్లెలో, రైతు కుటుంబంలో పుట్టింది. 1936లో డాక్టరు చదువు పూర్తి చేసింది. సరిగ్గా ఆ ఏడే అక్కడి ప్రభుత్వం గర్భస్రావాన్ని నిషేధించింది. వద్దనుకొన్న ఆడవాళ్ళు ఊరుకున్నారా? లేదు. దొంగచాటుగా, తెలిసీ తెలియని చేతుల్లో పడ్డారు. ఎందరో ప్రాణాల మీదికి తెచ్చుకొన్నారు.

యుద్ధకాలంలో, 1942లో, ఆమె కేంద్ర ఆరోగ్యశాఖలో ఉపమంత్రి స్థాయికి చేరింది. తల్లుల, బిడ్డల ఆరోగ్యం ఆమె చూసే పని. యుద్ధంలో లక్షలకు లక్షలు చనిపోయారు గనుక జనాభా పెరగాలని 1944లో కొత్త శాసనం తెచ్చారు. పదిమంది బిడ్డల్ని కని పెంచిన తల్లికి ‘వీరమాత’ బిరుదు అందులోదే. ఆ శాసనం తయారీలో కొవ్రిగినా చెయ్యి కూడా ఉంది. గర్భస్రావంపై నిషేధం మాత్రం అలాగే ఉండిపోయింది.

1954లో ఆమె ఆరోగ్యమంత్రి అయ్యింది. అప్పటికే ఆ దేశంలో డాక్టర్లలో నూటికి డెబ్బైమందికి పైగా ఆడవాళ్ళే. మరుసటేడు, 1955 నవంబరులో, నిషేధం ఎత్తివేశారు. బిడ్డను కనాలా వద్దా అన్నది తల్లే తేల్చుకోవాలన్న మాట ప్రభుత్వమే ఒప్పుకొంది. మన దేశంలో అలాంటి చట్టం 1971లో వచ్చింది.

ఇక కాన్పు సెలవు. ఈ కథ కాస్త వినండి. 1917 విప్లవం కాగానే పనిచేసే స్త్రీలకు పదహారు వారాల సెలవు ఇచ్చారు. 1938 చివర దాన్ని తొమ్మిది వారాలకు కుదించారు. 1944లో 77 రోజులు చేశారు. కొవ్రిగినా మంత్రిగా ఉండగా, 1956లో, కాన్పుకు ముందు 56, తరువాత 56, వెరసి 112 రోజులు చేశారు. అంటే పాత పదహారు వారాలే! ఇచ్చింది తీసుకోవడం ఎంత సులువో, తీసుకొన్నది తిరిగి రాబట్టడానికి ఎన్నేళ్ళు పడుతుందో చూశారా?

అయితే ఒక కొరత మిగిలిపోయింది. ఈ సెలవు ఫ్యాక్టరీల్లో, ఆఫీసుల్లో పనిచేసే వాళ్ళకు. సమష్టి వ్యవసాయ క్షేత్రాల్లో ఒళ్ళు వంచే స్త్రీలకు ప్రభుత్వం తరఫున కాన్పు భత్యం 1965లో గాని రాలేదు. అప్పటికి కొవ్రిగినా మంత్రి పదవి వదిలి ఆరేళ్ళయింది. రైతుబిడ్డ మంత్రి అయినా, రైతుకూలీ తల్లి వంతు చివరికే వచ్చింది. 1959 నుంచి 1986 దాకా ఆమె డాక్టర్లకు పై శిక్షణ ఇచ్చే సంస్థను నడిపింది. 1995లో కన్నుమూసింది.

ఎక్కడి రష్యా, ఎక్కడి ముత్తుకూరు అంటారేమో. మన దగ్గర 1961 చట్టం పన్నెండు వారాల సెలవు ఇచ్చింది. 2017లో దాన్ని, మొదటి ఇద్దరు బిడ్డల వరకు, 26 వారాలు చేశారు. సంతోషమే. కాని మన చుట్టుపక్కల నాట్లు వేసే మనిషికీ, తట్ట నెత్తిన పెట్టుకొని చేపలమ్మే మనిషికీ ఆ సెలవు ఎవరిస్తారు? ఆమెకు యజమాని రోజుకొకడు. పనికి పోని రోజు కూలి లేదు. 2017లోనే మాతృవందన పథకం వచ్చింది, మొదటి కాన్పుకు ఐదువేలు. నెలనెలా లెక్క వేసుకొంటే అది ఎన్నాళ్ళ బియ్యానికి వస్తుందో మీకే తెలుసు.

కాబట్టి అమ్మా, రెండు పనులు చేద్దాం. మన వీధిలో ఎవరికైనా నెల తప్పిందని తెలిస్తే వెంటనే ఆరోగ్య కేంద్రంలో పేరు రాయించమని చెబుదాం. వచ్చేది చిన్న మొత్తమే అయినా వదులుకోవద్దు. ఓట్లకు వచ్చిన వాళ్ళను మాత్రం ‘ఆసుపత్రికి రంగు ఎప్పుడు వేయిస్తారు’ అని కాకుండా, ‘కూలికి పోయే తల్లికి ఎన్ని రోజుల కూలి ఇప్పిస్తారు’ అని అడుగుదాం. జవాబు రోజుల్లో చెప్పమందాం.

సెలవు.