తొలి సమావేశమున ఇంజనీరు



ఇల్లు కట్టదలచినవాడు మేస్త్రిని గృహప్రవేశమునాడు పిలువడు. కాని నిర్ణయములన్నియు ముగిసిన పిదప ఇంజనీరునకు కబురంపుట మన కార్యాలయములలో కద్దు.

వోటింగు యంత్రము వేరు మార్గమున వచ్చినది. 1977లో ఆ ఆలోచన కలుగగనే ఎన్నికల సంఘము హైదరాబాదులోని ఎలక్ట్రానిక్స్ కార్పొరేషన్‌కు ఆ పని నప్పగించెను. 1979లో నమూనా సిద్ధమయ్యెను. 1980 ఆగస్టు 6న రాజకీయపక్షముల ప్రతినిధులకు దానిని చూపిరి. 1982లో కేరళలోని పరూరునందు 50 పోలింగు కేంద్రములలో వాడిరి. 1984లో సుప్రీంకోర్టు ఆ పోలింగును రద్దుచేసెను. కారణము యంత్రలోపము గాదు. చట్టమున దానికి తావు లేకపోవుట. చట్టసవరణ 1988 డిసెంబరులో గాని జరుగలేదు.

కావున ఇంజనీరు, న్యాయవేత్త, వాడువాడు తొలినాడే ఒక్క బల్లచుట్టు కూర్చుండవలెను. నాడు అడుగని ప్రశ్నకు పిదప చెల్లించు మూల్యము ఏండ్లతో లెక్కింపబడును.