తెరమీది సామ్రాజ్యము, మన్యపు సామ్రాజ్యము

అంతరిక్ష సాహస చిత్రములలో సామ్రాజ్యము అట్టహాసముగా వచ్చును. 2009 నాటి ‘అవతార్’ చిత్రమున భూమినుండి పోయిన కంపెనీవారు పండోరా యను లోకములో ఖనిజముకొరకు అడవి జనమును వెడలగొట్ట జూచిరి. ఆట ముగియులోపల ఓడి మరలిపోయిరి.

మన తూర్పు కనుమలకు సామ్రాజ్యము అట్లు రాలేదు. 1882 నాటి మద్రాసు అటవీ చట్టమను కాగితమై వచ్చినది. పోడు సేద్యముపై ఆంక్షలు పడినవి. తాతలనాటి కొండమీదనే గిరిజనుడు నేరస్థుడైనాడు. ఆ కడుపుమంటయే 1922 ఆగస్టులో అల్లూరి సీతారామరాజు వెంట చింతపల్లి ఠాణాకు నడచినది. 1924 మే 7న రాజును కాల్చి చంపిరి. 1974లో ‘అల్లూరి సీతారామరాజు’, 2022లో ‘ఆర్ఆర్ఆర్’ చిత్రములు ఆయనను మరల తెరపై నిలిపినవి. తెరపై విల్లంబులు, తుపాకులు మెరయును. చట్టపు కాగితము అంతగా కానరాదు.

శ్రోతలారా! ఆ కాగితమునకు బదులు కాగితముననే వచ్చినది. అరకు చేరువనున్న బొర్రా ప్రాంతపు గనుల కౌలు వివాదము సుప్రీంకోర్టు కెక్కెను. షెడ్యూల్డు ప్రాంతములలోని ప్రభుత్వ భూములను ప్రైవేటు కంపెనీలకు గనుల కౌలుకు ఈయరాదని 1997 నాటి ‘సమత’ తీర్పు చెప్పినది. ఇందులో పోరాట దృశ్యములు లేవు, తెరకెక్కుట కష్టము. కనుక ఈ కథను మన పిల్లలకు మనమే చెప్పవలెను.